ఒక దీపం, ఒక సబ్బుబిళ్ళ, ఒక పలకరింపు

అండమాన్ దీవుల రాజధానిలో తెల్లవారడం తొందరగా జరుగుతుంది. 2024 సెప్టెంబరు వరకు పోర్ట్ బ్లెయిర్ అని పిలువబడి, ఇప్పుడు శ్రీ విజయ పురం అయిన ఈ పట్టణంలోనూ గడియారాలు దేశమంతటి వేళనే చూపిస్తాయి. సూర్యుడు మాత్రం వాటిని లక్ష్యపెట్టడు. భారత కాలమానానికి ఆధారమైన రేఖాంశానికి పది డిగ్రీల తూర్పున ఉన్నందువల్ల, ఇక్కడ జూన్ మాసంలో అయిదు గంటలకే సూర్యోదయమవుతుంది. ఏ ఋతువులోనైనా సాయంత్రం ఆరు కొట్టకముందే సూర్యుడు కుంకుతాడు.

ఆ తొలి వెలుగులో జంగ్లీఘాట్ రేవులో చేపల పడవలు ఒడ్డు చేరుతాయి. అక్కడి మాటలు చెవిన పడినప్పుడు, స్వదేశపు తీరం పన్నెండు వందల కిలోమీటర్ల దూరాన ఉన్నదన్న సంగతి తెలుగువాడికి గుర్తుండదు. శ్రీకాకుళం, విశాఖపట్నం తీరాలనుంచి వచ్చి స్థిరపడిన కుటుంబాలు ఇక్కడ ఎన్నో ఉన్నాయి. 2011 జనాభా లెక్కల ప్రకారం ఈ ద్వీపవాసులలో నూటికి పదముగ్గురి మాతృభాష తెలుగు. రాత్రంతా నీటిమీద గడిపి వచ్చినవారికి ఒక గ్లాసు వేడి టీ, ఒంటికి తగిలే ఉదయపు గాలి, పక్కవాడితో నాలుగు మాటలు. ఇంతకన్న సామాన్యమైన సుఖం ఏముంటుంది?

ఈ సామాన్యమైన సుఖానికి వెల ఎంతో తెలిపే కట్టడమొకటి అదే పట్టణంలో, సముద్రానికి ఎదురుగా నిలిచి ఉన్నది. అదే సెల్యులార్ జైలు.

ముఖం కనబడని ఇల్లు

1896లో ఆరంభించి 1906లో ముగించిన ఆ కారాగారంలో ఏడు బారులు ఉండేవి. సైకిలు చక్రపు ఆకులవలె అవి ఒక నడిమి బురుజునుంచి ఏడు దిక్కులకు సాగేవి. ఒక బారులోని గదుల ముఖం ఎదుటి బారు వీపును చూసేటట్లు కట్టారు. కటకటాలలోనుంచి ఎంత తొంగిచూసినా ఖైదీకి మరొక ఖైదీ ముఖం కనబడదు. పదమూడున్నర అడుగుల పొడుగు, ఏడున్నర అడుగుల వెడల్పు గల గదిలో మనిషి ఒక్కడే. చేతికందని ఎత్తున, గోడలో ఒక చిన్న గవాక్షం. సముద్రం కూతవేటు దూరంలో ఘోషిస్తున్నా, దానిని కంటితో చూసే భాగ్యం లేదు.

తొలి సంవత్సరాలలో రాజకీయ ఖైదీలను సైతం ఎద్దులవలె గానుగకు కట్టి, రోజుకు ముప్పై పౌన్ల కొబ్బరినూనె తీయమనేవారు. రాసుకునేందుకు కాగితం లేక సావర్కర్ తన కవితలను గోడమీద గీసి కంఠస్థం చేసుకున్నారు. అలీపూర్ కుట్రకేసులో శిక్షపడి ఇక్కడికి వచ్చిన ఉపేంద్రనాథ్ బందోపాధ్యాయ, విడుదలైన పిదప బెంగాలీలో తన ప్రవాసకథ వ్రాశారు. ఆ పుస్తకానికి ఖ్యాతి తెచ్చినది అందులోని కన్నీరు కాదు, హాస్యం! సర్వమూ లాక్కున్న చోటనుంచి కూడా ఆయన నవ్వును దాచి తెచ్చుకోగలిగారు.

ఈ గోడల చరిత్రలో తెలుగువారికీ పాలున్నది. అల్లూరి సీతారామరాజు అనుచరుడు గాం మల్లుదొరకు విధించిన మరణశిక్ష ద్వీపాంతరవాసంగా మారింది. మన్యపు కొండలలో స్వేచ్ఛగా తిరిగిన మనిషి ఈ కొలతల మధ్య ఏళ్ళ తరబడి బ్రతికారు. ఆ మల్లుదొరే 1952లో తొలి లోక్‌సభకు ఎన్నికై ఢిల్లీలో సభ్యునిగా కూర్చున్నారు.

ప్రాణం పెట్టి అడిగినవి

1933 మే నెలలో ఈ జైలులోని రాజకీయ ఖైదీలు నిరాహారదీక్షకు పూనుకున్నారు. సామ్రాజ్యాన్ని ఎదిరించిన వారు కనుక పెద్ద కోరికలే కోరి ఉంటారని అనుకుంటాము. వారడిగినవి ఇవి: రాత్రిపూట గదిలో దీపం, ఒళ్ళు కడుక్కునేందుకు సబ్బు, పడుకునేందుకు పరుపు, నోట పెట్టుకోదగిన తిండి, చదువుకునేందుకు పుస్తకాలు, తమలో తాము మాట్లాడుకునే వీలు.

ఏ పేద ఇంటనైనా, ఏదో ఒక రూపంలో, ఉండేవే ఇవన్నీ. కాని వీటికోసం ముగ్గురు మరణించారు. దీక్షలో ఉన్నవారి చేతులు కాళ్ళు అదిమిపట్టి, ముక్కులోనుంచి గొట్టం ద్వారా బలవంతంగా పాలు పోసినప్పుడు, ఆ పాలు ఊపిరితిత్తులలోకి పోయాయి. భగత్‌సింగ్ సహచరుడైన మహావీర్‌సింగ్, మోహన్ కిశోర్ నామదాస్, మోహిత్ మైత్ర అలా ఆ మే నెలలోనే కన్నుమూశారు. దీక్ష మాత్రం ఆగలేదు. నలభై ఆరవ రోజున, జూన్ 26న, ప్రభుత్వం తలవంచింది.

గదులలో దీపాలు వెలిగాయి. పుస్తకాలు వచ్చాయి. తెలిసినవారు తెలియనివారికి చరిత్ర, అర్థశాస్త్రం బోధించడం మొదలుపెట్టారు. ముఖం చూడనివ్వకుండా కట్టిన ఇల్లు క్రమంగా పాఠశాల అయింది. ఈ దీవుల జైలుజీవితాన్ని బిజయ్ కుమార్ సిన్హా 1939లో ఆంగ్లంలో గ్రంథస్థం చేశారు. 1938 జనవరి నాటికే రాజకీయ ఖైదీలందరినీ స్వదేశపు జైళ్ళకు తరలించారు. ఏడు బారులలో నేడు మిగిలినవి మూడు. 1979లో దీనిని జాతీయ స్మారకచిహ్నంగా జాతికి అంకితం చేశారు.

ఇక్కడ ఒక పొరపాటుకు తావివ్వరాదు. ‘ఉన్నదానితో తృప్తిపడు’ అనే పాత హితబోధను ఈ కథ సమర్థించదు. గానుగకు కట్టబడినవాడు ఆకాశపు తునకను చూసి తృప్తిపడి ఊరుకొని ఉంటే గదిలో దీపం వెలిగేది కాదు. చిన్న సుఖాల విలువ నిండుగా గ్రహించినవారే వాటికోసం పోరాడగలిగారు. తృప్తి వేరు, లొంగుబాటు వేరు.

ఎదురుచూపు నేర్పిన రుచి

ఈనాటి ద్వీపవాసికి అటువంటి నిర్బంధం లేదు. అయినా చుట్టూ ఉన్న సముద్రం అతనికి ఒక విద్య నేర్పింది: ఎదురుచూడడం. విశాఖపట్నం, చెన్నై, కలకత్తాలనుంచి ఓడ రావడానికి రెండు మూడు రోజులకు పైగా పడుతుంది. గాలివాన పట్టుకుంటే ఆ లెక్కా తప్పుతుంది. చెన్నైనుంచి సముద్రగర్భంలో సుమారు 2,300 కిలోమీటర్ల పొడవున వేసిన తంతి 2020 ఆగస్టు 10న పని ఆరంభించేంతవరకు, ఇక్కడి ఫోను మాటలు, ఇంటర్నెట్టు, అన్నీ ఉపగ్రహాల దయమీదనే నడిచాయి. ఊరినుంచి అమ్మ గొంతు వినబడితే, మధ్యలో తెగిపోకముందే ముఖ్యమైన మాట చెప్పుకోవాలి. ‘తిన్నావా నాయనా?’ అన్న ప్రశ్న ఎంత ముఖ్యమైన మాటో అటువంటప్పుడే తెలుస్తుంది.

ఇప్పుడు తంతి వచ్చింది. మాట తెగడం తగ్గింది. అది మంచిదే. కొరతను ఎవరూ కోరి తెచ్చుకోనక్కరలేదు. ఐతే కొరత తొలగినప్పుడు దానితోపాటు రుచి కూడా తొలగిపోతుందేమో, అదొక్కటే చూసుకోవాలి. పొద్దస్తమానం మాట్లాడుకునే వీలున్న ఇంట్లోనే మాటలు కరువవడం మనం చూస్తూనే ఉన్నాం.

మన ఇంటి గదులు

సెల్యులార్ జైలుకు వచ్చే యాత్రికులలో చాలామంది ఏదో ఒక గదిలోకి వెళ్ళి నిలబడతారు. పిల్లలు సరదాగా కటకటాల తలుపు మూసి, కిలకిల నవ్వుతారు. పెద్దలు పైనున్న గవాక్షంవైపు చూసి ఒక్క క్షణం మౌనం వహిస్తారు. తరువాత మేడమెట్లు ఎక్కి బురుజు మీదికి వస్తే, ఆనాటి ఖైదీకి దక్కని సముద్రం మూడు వైపులా పరచుకొని కనబడుతుంది. ఆ గాలి ముఖానికి తగిలినప్పుడు అది మామూలు గాలిలా అనిపించదు. గాలి మారలేదు, దానిని అందుకొన్న మనిషి మారాడు.

ఆ మార్పును ఇంటిదాకా తీసుకొని రావడం ఎలా? పెద్ద వ్రతాలు అక్కరలేదు. సాయంత్రం దీపం వేసేటప్పుడు, దీనికోసం నలభై ఆరు రోజులు పస్తున్నవారు ఉన్నారని ఒక్కసారి తలచుకుంటే చాలు. పొద్దుట తొలి గుక్క కాఫీని పత్రికకో ఫోనుకో అప్పగించక, దాని రుచికే వదిలిపెట్టవచ్చు. స్నానం చేసేటప్పుడు రేపటి చింతను గుమ్మం బయట ఉంచవచ్చు.

ఆ తరువాత ఇంకొక పని మిగులుతుంది. మన సుఖాలను లెక్కపెట్టుకోవడం తేలిక; మన చుట్టూ ఎవరికి అవి అందడం లేదో చూడడం కష్టం. వెనుక గదిలో మంచం పట్టి, భోజనం పళ్ళెం తప్ప మనిషి జాడ ఎరుగని తాతగారు ఉండవచ్చు. అందరి ఎంగిలి గిన్నెలూ తోమి, తాను మాత్రం నిలబడే చల్లారిన టీ తాగి వెళ్ళే పనిమనిషి ఉండవచ్చు. దీపం ఉన్నది, సబ్బు ఉన్నది, తిండి ఉన్నది. 1933లో ఖైదీలు అడిగిన జాబితాలో చివరిది మాత్రం వారికి ఇంకా అందలేదు.

దానికి డబ్బు ఖర్చు కాదు, ఓడ కోసం ఎదురుచూడనక్కరలేదు. ‘తాతగారూ, నిద్ర పట్టిందా?’ అని మంచం అంచున కూర్చుంటే చాలు. ‘కూర్చో అమ్మా, టీ వేడిగా ఉన్నప్పుడే తాగు’ అంటే చాలు. గోడకు తలుపు తెరుచుకుంటుంది.