మబ్బుకోసం కనిపెట్టుకొన్న కన్ను

గ్రీసు దేశమనగానే మన కన్నులకు కట్టేది నీలాకాశం, పాలరాతి స్తంభాలు, మిరుమిట్లు గొలిపే సముద్రపుటెండ. ఆ వెలుగుకు వెనుక మరొక గ్రీసు ఉన్నది. అది వానకు తడిసిన వీధులది, పొగమంచు కప్పిన పల్లెలది. దానిని లోకానికి చూపిన ఛాయాగ్రాహకుడు యోర్గోస్ ఆర్వనిటిస్.

1941లో జన్మించిన ఆర్వనిటిస్ 1960 దశకంలో ఏథెన్సులోని ఫినోస్ ఫిల్మ్ సంస్థలో పనిచేసినాడు. హాస్యకథలు, పాటలతో కూడిన వినోదచిత్రాలు అక్కడ విరివిగా తయారయ్యేవి. దీపాలకు కొదువ లేదు. నీడకే చోటు తక్కువ. 1970లో దర్శకుడు థియో ఆంగెలోపులోస్ తొలి కథాచిత్రం ‘పునర్నిర్మాణం’తో ఆయన దారి మారినది. జర్మనీలో కూలిచేసి ఇల్లు చేరిన భర్తను భార్యయు, ఆమె ప్రియుడును హతమార్చిన కథ అది. వలసలతో బోసిపోయిన కొండపల్లెను ఆయన నలుపు తెలుపులలో చూపినాడు.

వీరి మైత్రికి శిఖరం 1975లో వెలువడిన ‘సంచార నటులు’. 1939 నుండి 1952 వరకు యుద్ధం, పరాధీనత, అంతర్యుద్ధాల నడుమ ఊరూరా తిరిగే నాటకసమాజం కథ అది. సైనిక నియంతృత్వం తొలగకముందే చిత్రీకరణ ఆరంభమయినది. దాదాపు నాలుగు గంటల చిత్రంలో షాటులు సుమారు 80 మాత్రమే. ఒకచోట 1946 నూతన సంవత్సర వేళ నృత్యశాలనుండి బయలుదేరిన మనుష్యులు వీధివెంట నడచి నడచి 1952 నాటి ఎన్నికల సభను చేరుకొంటారు. నడుమ కోత లేదు. నడకలోనే ఆరేండ్లు గడచిపోతాయి.

ఇటువంటి షాటుకు ఎండ శత్రువు. నలుదిక్కులా తిరిగే కెమెరా ఒకమారు సూర్యునికి ఎదురవుతుంది, ఒకమారు పెడమొగమవుతుంది. దీపాలు దాచుటకు చోటుండదు. మబ్బు పట్టిననాడు మాత్రం వెలుగు అన్ని దిక్కులనుండి సమంగా పడుతుంది. అందుకే ఆ బృందం శీతకాలాన్ని ఎంచుకొని, మబ్బుకోసం కనిపెట్టుకొని ఉండేది. పనికి అవసరమైన ఆ బూడిదవన్నెయే, పాలకులు చెప్పుకోనివ్వని ఒక జాతి దుఃఖానికి రంగయినది.

‘పొగమంచులో దృశ్యం’ (1988), ‘యులిసిస్ చూపు’ (1995) ఆ మార్గంలోనివే. ఆంద్రియాస్ సినానోస్‌తో కలిసి ఛాయాగ్రహణం నెరపిన ‘అనంతకాలం, ఒక్క దినం’ 1998లో కాన్ చలనచిత్రోత్సవపు అగ్రబహుమానాన్ని పొందినది. జర్మనీ దర్శకుడు ష్లోన్‌డార్ఫ్‌కు, పోలెండు దర్శకురాలు అగ్నీష్కా హోలాండ్‌కు, రుమేనియాలో పుట్టిన మిహయిలేయానుకు కూడా ఆయన పనిచేసినాడు. ఎవరి కథకు ఏ వెలుగు తగునో ఎరిగినవాడు గనుకనే అది సాధ్యమయినది.

వెలుగును సృష్టించగల నేర్పరులు పెక్కుమంది ఉంటారు. అది వచ్చేవరకు వేచియుండగల ఓర్పు కొందరికే అబ్బుతుంది.