పల్నాటి యుద్ధం: విధి ఎవరి రాత?

చారిత్రక చిత్రంలో "విధి" అన్న మాట వినబడ్డప్పుడల్లా దాని చాటున ఏ వాస్తవం దాగిందో విమర్శకుడు వెతకాలి. గూడవల్లి రామబ్రహ్మం "పల్నాటి యుద్ధం" ఈ పరిశీలనకు తగిన చిత్రం. 1938లో "మాలపిల్ల"తో అంటరానితనాన్ని వర్తమాన సమస్యగా తెరకెక్కించిన దర్శకుడాయన. 1946లో ఆయన మరణించగా ఎల్.వి.ప్రసాద్ పూర్తిచేసిన ఈ చిత్రం 1947లో విడుదలైంది. "మాలపిల్ల"లో ఛాందస సుందరరామశాస్త్రిగా నటించిన గోవిందరాజుల సుబ్బారావే ఇందులో బ్రహ్మనాయుడు. కన్నాంబ నాగమ్మ, అక్కినేని నాగేశ్వరరావు బాలచంద్రుడు.

12వ శతాబ్దినాటి ఈ వీరగాథలో బ్రహ్మనాయుడు అన్ని కులాలవారినీ చాపకూటికి కూర్చోబెట్టాడు. మాల కన్నమదాసును కొడుకుగా స్వీకరించి సేనానిని చేశాడు. ఆ తర్వాత కోడిపందెం, ఏడేళ్ల వలస, రాయబారి అలరాజు హత్య, చివరకు కారెంపూడి రణరంగం.

"అంతా తలరాతేనా మాష్టారూ?" అని మా కామవరపుకోట విద్యార్థులు అడుగుతుంటారు. కోడిపందేల సంగతి మా ప్రాంతంవారికి ఒకరు చెప్పనక్కరలేదు. కోడి ఓడితే పందెం సొమ్ము పోతుంది. రాజ్యమే పోవాలంటే, పందెం కాసినవారు దాన్ని సొంత ఆస్తిగా ఎంచి ఉండాలి. గురజాల, మాచర్లల మధ్య దాయాదుల పంపకమే అసలు తగాదా. కోడి నెపం మాత్రమే.

1925లో జపాన్‌లో బుంతరో ఫుతగావా తీసిన మూకీ చిత్రం "ఒరోచి"ని దీనితో పోల్చి చూడవచ్చు. బాందో త్సుమాసబురో ధరించిన హెయిసాబురో చిన్న హోదా సమురాయ్. న్యాయం కోసం కత్తి దూసిన ప్రతిసారీ అతనిపైనే దుర్మార్గుడన్న ముద్ర పడుతుంది. నిజమైన దుర్మార్గుడు ఊళ్లో పెద్దమనిషిగా చెలామణి అవుతాడు. ఇక్కడ విధి అంటే హోదా చూసి తీర్పు చెప్పే లోకమే. అయితే హెయిసాబురోకు ఆ ముద్ర బతుకులో పడింది. కన్నమదాసుకు పుట్టుకతోనే పడింది. ఈ తేడా మనం మరువరాదు.

కన్నమదాసుకు చాపమీద చోటు దొరికింది, చేతికి కత్తి దొరికింది. రాజ్యంలో పాలు దొరకలేదు. సమత పైనుంచి దిగివచ్చిన దయగా ఉన్నంతకాలం, ఆ దయ చూపినవాని ఓటమితో అదీ ఓడిపోతుంది. కారెంపూడి విషాదానికి మూలం ఇక్కడుంది.

ఈ గాథను తరతరాలుగా గానం చేసి నిలిపినవారు దళిత కులాలకు చెందిన వీరవిద్యావంతులే. నేటి రచయిత పల్నాటి కథను మళ్లీ చేపడితే చాప పరిచినవాని ఔదార్యం దగ్గర ఆగిపోకూడదు. ఆ చాపమీద కూర్చున్నవాడు యుద్ధాన్ని ఎలా చూశాడో రాయాలి.