గడ్డి ఎత్తును బట్టి భూమికి లెక్క: అస్సాం అడవులను ఎలా కొలిచి అమ్మారు?

అడవి విలువను ఎలా లెక్కకట్టాలి? 1838లో అస్సాంలో ఈస్ట్ ఇండియా కంపెనీ అధికారులు దీనికి ఒక సులువైన కొలమానం పెట్టుకున్నారు. నేల మీద ఏం పెరిగిందో చూశారు. మామూలు గడ్డి భూమి అయితే 5 ఏళ్లు, రెల్లు, ఎత్తైన గడ్డి ఉంటే 10 ఏళ్లు, దట్టమైన అడవి అయితే 20 ఏళ్లు శిస్తు మాఫీ. నరకడం ఎంత కష్టమైతే అంత రాయితీ అన్నమాట. మాఫీ గడువు తీరాక కూడా కేటాయించిన భూమిలో నాలుగో వంతుకు ఎప్పటికీ శిస్తు లేదు.

1826 నాటి యాండబో ఒప్పందంతో అస్సాం కంపెనీ చేతికొచ్చింది. అక్కడ తేయాకు సహజంగానే పెరుగుతుందని తేలాక ఖాళీ భూములను తోటలకివ్వాలని నిర్ణయించారు. అయితే 100 ఎకరాలకు తక్కువ ఇవ్వరు. దరఖాస్తుదారుకు ఎకరానికి కనీసం 3 రూపాయల పెట్టుబడి ఉండాలి. కాగితం మీద ఇది అందరికీ వర్తించే నిబంధనే. ఆ కాలంలో అంత సొమ్ము చూపించగల అస్సామీ రైతులు ఎందరుంటారు? తన పొలానికి ఏటా శిస్తు కట్టే రైతు పక్కనే, వేల ఎకరాలకు పైసా కట్టని తోట యజమాని వచ్చి కూర్చున్నాడు.

అసలు చిక్కు ‘బంజరు’ అనే మాటతోనే మొదలైంది. బ్రహ్మపుత్ర లోయలో రైతులు కొన్ని భూములను మూడు నాలుగేళ్లు దున్ని, సారం తగ్గాక కొన్నేళ్లు వదిలేసేవారు. కొండల్లో పోడు పద్ధతీ అంతే. పశువుల మేతకు, వంటచెరకుకు, ఇంటి కప్పు గడ్డికి ఊళ్లన్నీ ఆ అడవుల మీదే ఆధారపడేవి. శిస్తు రిజిస్టర్‌లో పేరు లేదు కాబట్టి అవన్నీ సర్కారు లెక్కలో బంజరు. మన రెవెన్యూ రికార్డుల్లో ‘పోరంబోకు’ అని రాసిన నేలను ఊరంతా వాడుకోవడం తెలిసినవారికి ఇది కొత్తగా అనిపించదు.

1861లో గవర్నర్ జనరల్ కానింగ్ కౌలు స్థానంలో శాశ్వత హక్కుతో అమ్మకాలు ప్రతిపాదించారు. అడవి ఉన్న ఎకరం రెండున్నర రూపాయలు, అడవి లేనిది అయిదు రూపాయలు మించకూడదన్నది ఆయన లెక్క. అడవి లేకుండా చదునుగా ఉందంటే దాన్ని అంతకుముందు ఎవరు చదును చేశారన్న ప్రశ్న ఆ ధరల పట్టికలో లేదు.

గొలుసుతో కొలవాలంటే ముందు సర్వే బృందం అడవిలో తిన్నగా దారి నరుక్కుంటూ పోవాలి. దానికి కాలం పడుతుంది. తేయాకు మోజులో ఉన్నవాళ్లకు ఆ ఓపిక లేదు. లండన్‌లో భారత వ్యవహారాలు చూసే మంత్రి చార్లెస్ వుడ్ మాత్రం ముందు సర్వే చేయాలని, తర్వాత వేలం వేయాలని పట్టుబట్టారు. క్షేత్రంలో మోసాలు ఆగలేదు. 30, 40 ఎకరాల తోటలను 150, 200 ఎకరాలని చెప్పి అంటగట్టారు. లండన్‌లో అప్పటికే అమ్మేసిన తోటను, కొన్నవారికి అప్పగించడానికి వీలుగా ఇప్పుడు నరికి నాటమని ఇక్కడి మేనేజరుకు ఉత్తరం రాసిన ఉదంతమూ ఉంది. 1866 నాటికి ఆ బుడగ పేలింది.

అమ్మకానికి పెట్టిన భూమి మీద హక్కు ఉందనుకునేవారి కోసం 1863లో 23వ చట్టం చేశారు. ప్రకటన వెలువడ్డాక కనీసం మూడు నెలల గడువు ఇస్తారు, ఆలోపు వచ్చి చెప్పుకోవాలి. గడువు దాటితే భూమి తిరిగి రాదు, మహా అయితే పరిహారం. కాగితం చదవడం రాని, కచేరీకి రోజుల ప్రయాణం ఉన్న పోడు రైతుకు ఈ గడువు ఏపాటి?

చదును చేయాల్సిన అడవి ఉంది, చేసే మనుషులు మాత్రం చాల్లేదు. ఛోటానాగపూర్ నుంచి, ఒడిశా నుంచి, తెలుగువారుండే గంజాం, విశాఖపట్నం ప్రాంతాల నుంచి కూలీలను ఒప్పందాల మీద తరలించారు. అస్సాం తోటల్లో తెలుగు మూలాలున్న కుటుంబాలు ఇప్పటికీ ఉన్నాయి. తోట హద్దులను ఎకరాల్లెక్కన తేల్చిన ఆ సర్వేల్లో కూలీల ఇంటి స్థలానికి విడిగా గీత పడలేదు. వారు తరతరాలుగా ఉంటున్న ‘లేబర్ లైన్లు’ 2025లో చట్టం మారేవరకూ తోట యాజమాన్యం భూమిలో భాగంగానే ఉండిపోయాయి. అందుకే అస్సాంలో ఎన్నికలొచ్చిన ప్రతిసారీ లైన్లలో మొదట వినిపిస్తూ వచ్చిన డిమాండ్లలో ఇంటి పట్టా ఒకటి.