బందరు: నేల, గాలి, జనము

కృష్ణామండలమునకు ముఖ్యపట్టణమైన బందరు, అనగా మచిలీపట్టణము, కడలి యొడ్డుననే యున్నదని పలువురు తలతురు. నిజమునకు ఊరికిని సముద్రమునకును నడుమ ఉప్పుపఱ్ఱలును, బురదనేలలును, మడయడవులును గలవు. ఇది కృష్ణవేణి తెచ్చిపోసిన యొండ్రునేల. మిట్ట లేదు; తీరమున నీటికి లోతును లేదు. 1611లో ఆంగ్లేయులు కోరి వర్తకశాల నెలకొల్పిన రేవే యైనను, పెద్దయోడలు దూరముననే లంగరు దించవలసి వచ్చెడిది.

వేసవి యెండ యిచట మాడ్చుటకంటె చెమటతో నుడికించుట యెక్కువ. సాయంకాలపు కడలిగాలియే విసనకఱ్ఱ. భయము ఆశ్వయుజ కార్తికములందు మిక్కుటము. 1864 నవంబరు 1వ తేది రాత్రి తుపాను సముద్రమును ఊరిపైకి త్రోసెను. సుమారు 30,000 మంది మృతినొందిరి. గాలియొక్కటియే యింత చేయజాలదు. లోతులేని తీరమున, గాలి త్రోసిన నీరు అడుగున వెనుకకు మరలుటకు వీలులేక గోడవలె లేచును. పల్లపునేలపై దానికి అడ్డుండదు. మడచెట్ల గుబురు కెరటపు వడిని కొంత విఱుచును గాన, వంటచెఱకునకై వానిని నఱకుట నాకు సమ్మతము కాదు.

అంతటి దెబ్బ తిన్నను, బ్రదికినవారు ఊరిని మరల నిలిపిరి. 1902లో కృష్ణాపత్రిక, 1910లో జాతీయ కళాశాల, 1923లో ఆంధ్రాబ్యాంకు ఇచటనే పుట్టినవి. చేరువనున్న పెడనలో చెక్కయచ్చులతో వస్త్రములపై అద్దకము నేటికిని సాగుచున్నది. బందరు లడ్డు మాట నేను చెప్పనక్కఱలేదు, తిన్నవారెఱుగుదురు.