పడటం నిజం, వేగం మాయ!

పాత మూకీ హాస్యచిత్రాలు మీరు చూసే ఉంటారు. పోలీసులు గుంపుగా పరుగెత్తుతారు, ఒకరిమీద ఒకరు పడతారు, మరుక్షణమే లేచి మళ్లీ పరుగు! అమెరికాలో మాక్ సెనెట్ 1912లో ప్రారంభించిన కీస్టోన్ కంపెనీ ఇలాంటి చిన్న చిత్రాలకు పెట్టింది పేరు. చార్లీ చాప్లిన్ 1914లో మొట్టమొదట తెరకెక్కింది కూడా ఆ కంపెనీ చిత్రాలలోనే. మరి ఆ మనుషులు అంత వేగంగా ఎలా కదిలారు?

రహస్యమంతా కెమెరా పిడిలో ఉంది. ఆ రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పేవారు. పిడిని ఒక చుట్టు తిప్పితే ఫిల్ముమీద 8 బొమ్మలు పడేవి. సెకనుకు రెండు చుట్లయితే 16 బొమ్మలు. వాటిని తెరమీద కూడా అదే వేగంతో చూపిస్తే కదలిక సహజంగా ఉంటుంది. కాని హాస్య సన్నివేశాల్లో కెమెరామన్ కావాలనే పిడిని నెమ్మదిగా తిప్పేవాడు!

ఒక చిన్న లెక్క చేద్దాం. నటుడు 5 మీటర్ల ఎత్తునుంచి పడ్డాడనుకోండి. గురుత్వ త్వరణం సుమారు 10 గనుక నేలను చేరడానికి ఒక సెకను పడుతుంది. ఆ సెకనులో కెమెరామన్ ఒక్క చుట్టే తిప్పాడు. అంటే 8 బొమ్మలే వచ్చాయి. సెకనుకు 16 చొప్పున చూపిస్తే అవి అర సెకనులో అయిపోతాయి. 5 మీటర్లు అర సెకనులో పడాలంటే గురుత్వ త్వరణం 40 ఉండాలి! మీ పాఠంలోని సూత్రంతో సరిచూసుకోండి. కాలం సగమైతే త్వరణం నాలుగు రెట్లయింది. అలాంటి లోకం మన కళ్లకు అలవాటు లేదు. అందుకే పడింది మనిషి కాదు, కీలుబొమ్మ అనిపించి నవ్వుతాం.

కాని నటుడి ఒంటికి ఈ మాయ వర్తించదు. అతడు కింద పడింది సెకనుకు 10 మీటర్ల వేగంతో, అనగా గంటకు 36 కిలోమీటర్ల వేగంతో! మరి ఎలా తట్టుకునేవారు? క్రికెట్ బంతిని పట్టేటప్పుడు మీరు చేతులు వెనక్కి లాగుతారు గదా! ఆగడానికి పట్టే కాలం పెరిగితే దెబ్బ తీవ్రత తగ్గుతుంది. నేలను తాకగానే దొర్లడంలో కిటుకు అదే. కింద పరిచిన పరుపు చేసేదీ ఆ పనే.

బస్టర్ కీటన్ ఈ విద్యను పసితనంలోనే తల్లిదండ్రులతో రంగస్థలంమీద నేర్చుకున్నాడు. అయినా 1921లో 'ది ఎలక్ట్రిక్ హౌస్' తీస్తుండగా కదిలే మెట్లలో బూటు ఇరుక్కుని అతని చీలమండ విరిగింది. ఆ చిత్రాన్ని 1922లో మళ్లీ తీయవలసి వచ్చింది.

ఈసారి అలాంటి చిత్రం చూసినప్పుడు హాయిగా నవ్వండి. తరువాత గడియారం పట్టుకుని, పడటానికి ఎంత కాలం పట్టిందో చూడండి. ఎత్తును అంచనా వేసి లెక్క కట్టండి. పిడి ఎంత మాయ చేసిందో మీకే తెలుస్తుంది. పడి చూసే ప్రయోగం మాత్రం వద్దు సుమా!