నిర్ణయము చెప్పుమను ఆజ్ఞ

ధర్మవరమున మగ్గముల షెడ్డు వేయుటకో, హిందూపురమున బెల్లపు గోదాము కట్టుటకో మెట్టభూమి కొన్నవానికి మునుపు ప్రభుత్వపు అనుమతి కావలసి యుండెడిది. వ్యవసాయ భూమిని అన్యప్రయోజనమునకు మార్చుటకు అనుమతి నిచ్చు అధికారమును 2006 నాటి చట్టము రెవెన్యూ డివిజనల్ అధికారికి ఒప్పగించినది. ఆనాడు హిందూపురము వారికిని పెనుకొండ కచ్చేరియే గతి.

అర్జీని త్రోసిపుచ్చినచో కారణము తెలియును, అప్పీలునకు దారి యుండును. కచ్చేరి మౌనము వహించినచో ఆ దారియు మూసికొనును. తెచ్చిన అప్పునకు వడ్డీ మాత్రము ఆగదు.

ఈ మౌనమునకు మందు రాజ్యాంగము 226వ అధికరణమున కలదు. దాని క్రింద హైకోర్టు మాండమస్ రిట్టు జారీ చేయగలదు. లాటిను భాషలో ఆ మాటకు ‘ఆజ్ఞాపించుచున్నాము’ అని అర్థము. అయితే ‘అనుమతి ఇమ్ము’ అని కోర్టు సాధారణముగా చెప్పదు. ‘ఇన్ని వారములలో చట్టప్రకారము పరిశీలించి నిర్ణయింపుము’ అని మాత్రమే చెప్పును. నిర్ణయము అధికారిది, గడువు కోర్టుది. బుద్ధిపూర్వకముగా గడువు మీరినవారికి 1971 నాటి కోర్టు ధిక్కార చట్టము కలదు.

కావున శ్రోతలకు మా మనవి: అర్జీ ఇచ్చిన దినముననే తేదీతో రసీదు పుచ్చుకొనుడు, జవాబు రానిచో వ్రాతమూలకముగా మరల అడుగుడు. 2019 జనవరి 1 నుండి అమరావతిలో నున్న మన హైకోర్టున ఆ రెండు కాగితములే మీ పక్షమున మాటాడును. అడిగినదెల్ల లభింపకపోవచ్చును గాని, అడిగినవానికి జవాబు పొందు హక్కు కలదు.