స్టెయావా బుకారెస్ట్ : ఒక హాండ్‌బాల్ జట్టు కథ

మన కళాశాలలో క్రికెట్ స్కోరు అడగనివాడు లేడు. కబడ్డీ, వాలీబాల్ మాలాంటి పల్లెటూరి వాళ్లకు చిన్ననాటినుంచీ అలవాటే. హాండ్‌బాల్ సంగతి వచ్చేసరికి మాత్రం "అదేం ఆట? ఫుట్‌బాల్‌ని చేత్తో ఆడటమా?" అని అడిగే మిత్రులే ఎక్కువ. ఆ మాట మరీ తప్పేమీ కాదు. కాని ఆ ఆటలో ఒకప్పుడు రుమేనియా ప్రపంచాన్ని ఏలింది. ఆ దేశానికి ఆటగాళ్లను అందించిన నారుమడి రాజధాని బుకారెస్ట్‌లోని స్టెయావా క్లబ్బు. ఆ క్లబ్బు ఎలా ఎదిగింది, తర్వాత ఎందుకు తగ్గింది అన్నది ఆటలంటే ఆసక్తి లేనివాళ్లు కూడా తెలుసుకోదగ్గ విషయం.

ముందు ఆట గురించి రెండు మాటలు. కోర్టు పొడవు 40 మీటర్లు, వెడల్పు 20 మీటర్లు. జట్టుకు ఏడుగురు, అందులో ఒకడు గోల్‌కీపర్. గోల్ వెడల్పు 3 మీటర్లు, ఎత్తు 2 మీటర్లు. గోల్ ముందు 6 మీటర్ల గీత వుంటుంది. దాని లోపల కాలు మోపే హక్కు గోల్‌కీపర్‌కే. బంతి పట్టుకుని మూడడుగులకు మించి నడవకూడదు, మూడు సెకన్లకు మించి వుంచుకోకూడదు. అందుకని గోల్ కొట్టేవాడు గీత బయట గాలిలోకి ఎగిరి, ప్రత్యర్థుల చేతుల మీదుగా విసరాలి.

మేం సైన్సు విద్యార్థులం గనక ఒక చిన్న లెక్క. గంటకు 100 కిలోమీటర్ల వేగమంటే సెకనుకు సుమారు 28 మీటర్లు. పెనాల్టీ 7 మీటర్లనుంచి విసురుతారు. ఆ వేగంతో వచ్చే బంతి పావు సెకనులో గోల్ చేరుతుంది. మనిషి కన్ను చూసి, చెయ్యి కదలడానికే దాదాపు అంత సమయం పడుతుంది. అంటే కీపర్ బంతిని చూసి ఆపలేడు. విసిరేవాడి భుజం, మణికట్టు చూసి ముందే పసిగట్టాలి. ఆ విద్య ఒక్కరోజులో వచ్చేది కాదు. ఏళ్ల తరబడి, రోజూ, మంచి ఆటగాళ్ల ఎదుట నిలబడితేగాని రాదు. స్టెయావా కథంతా యీ చిన్న విషయంలోనే వుంది.

రుమేనియాలో ఈ ఆటను నాటింది ట్రాన్సిల్వేనియాలోని జర్మన్ భాష మాట్లాడే ప్రజలు. అప్పట్లో పెద్ద మైదానంలో పదకొండు మందితో ఆడేవారు. ఏడుగురి ఆట తర్వాత బలపడింది. స్టెయావా 1947లో సైన్యం స్థాపించిన క్రీడా సంస్థ. మొదట వేరే పేర్లుండేవి, 1961లో యీ పేరు వచ్చింది. స్టెయావా అంటే నక్షత్రం. 1986లో ఫుట్‌బాల్ యూరోపియన్ కప్పు గెలిచింది కూడా యీ సంస్థ జట్టే. దానికి గట్టి పోటీ హోం శాఖకు చెందిన డైనమో బుకారెస్ట్. డైనమో 1965లోనే హాండ్‌బాల్ యూరోపియన్ కప్పు గెలిచింది. కాని 1967 నుంచి 1977 దాకా వరసగా పదకొండేళ్లు జాతీయ చాంపియన్ స్టెయావానే. మొత్తం మీద ఆ జట్టు 28 సార్లు దేశంలో మొదటిస్థానం సంపాదించింది.

యూరోపియన్ కప్పును స్టెయావా రెండుసార్లు గెలిచింది. 1968లో ఫ్రాంక్‌ఫర్ట్‌లో ప్రేగ్ జట్టు డుక్లాపై 13-11తో. 1977లో సిండెల్‌ఫింగెన్‌లో మాస్కో జట్టు సి.ఎస్.కె.ఎ.పై 21-20తో, ఒకే ఒక్క గోల్ తేడాతో. కార్నెల్ ఒట్సేలియా మొదటిసారి ఆటగాడుగా, రెండోసారి శిక్షకుడుగా యీ విజయాల్లో వున్నాడు. డుక్లా చెకొస్లోవాకియా సైన్యం జట్టు, సి.ఎస్.కె.ఎ. సోవియట్ సైన్యం జట్టు అన్న సంగతి గమనిస్తే, తూర్పు యూరప్‌లో ఆట ఎవరి నీడన పెరిగిందో ఇట్టే తెలిసిపోతుంది.

జాతీయ జట్టు చరిత్ర దీనితో ముడిపడి వుంది. రుమేనియా 1961, 1964, 1970, 1974లలో నాలుగుసార్లు ప్రపంచ చాంపియన్ అయింది. 1976 మాంట్రియల్ ఒలింపిక్స్‌లో రజతం, 1972, 1980, 1984లలో కాంస్యం. స్టెయావా ఆటగాడు గ్యోర్గె గ్రుయాను 1992లో అంతర్జాతీయ హాండ్‌బాల్ సమాఖ్య అన్ని కాలాలకూ ఉత్తమ ఆటగాడిగా ఎంపిక చేసింది. ఆయన తర్వాత మెక్సికోలో స్థిరపడి అక్కడ ఆట నేర్పాడు. 2015లో మరణించాడు. 1974 ప్రపంచ పోటీల్లో అందరికంటే ఎక్కువ గోల్స్ చేసిన స్టెఫాన్ బిర్తలాన్, ఆయన సహచరుడు క్రిస్టియాన్ గాట్సు, తర్వాతి తరంలో వాసిలే స్టింగా, వీరంతా స్టెయావా వాళ్లే.

ఇంతటి పంట ఎలా పండింది? మాలాంటి రైతు ఇళ్లలో కుర్రాడు ఆట అనగానే పెద్దవాళ్లు అడిగే మాట ఒకటుంది: "అది కూడు పెడుతుందా?" ఇరవై ఏళ్లు వచ్చేసరికి మంచి మంచి ఆటగాళ్లు పొలానికో, పట్నంలో చిన్న ఉద్యోగానికో మళ్లిపోవడం మా వూళ్లో కళ్లారా చూశాను. స్టెయావా ఆ ప్రశ్నకు జవాబు చెప్పింది. పేరుకు అందరూ అమెచ్యూర్లే. కాని సైన్యంలో హోదా, జీతం, వసతి, శిక్షకుడు, ఏడాది పొడవునా ఆట. నిర్బంధ సైనిక సేవ వుండేది గనక దేశంలోని మెరికల్లాంటి కుర్రాళ్లను తనవైపు తెచ్చుకోవడం ఆ క్లబ్బుకు తేలిక.

అయితే యీ గట్టుకు రెండో ముఖం వుంది. పొలానికి గట్టు నీళ్లు నిలుపుతుంది, పోయేదారిని కూడా మూస్తుంది. అప్పట్లో రుమేనియా ఆటగాడు తనిష్టం వచ్చినట్టు విదేశానికి వెళ్లి ఆడటానికి వీల్లేదు. బనాత్ ప్రాంతపు జర్మన్ కుటుంబంలో పుట్టిన హాన్సీ ష్మిట్ స్టెయావాలో ఆడేవాడు. 1963లో పశ్చిమ జర్మనీ పర్యటనకు వెళ్లి తిరిగి రాలేదు. అక్కడ గుమ్మర్స్‌బాఖ్ అనే చిన్న పట్టణం క్లబ్బులో చేరాడు. 1971 యూరోపియన్ కప్పు ఫైనల్లో ఎదురుపడ్డవి సరిగ్గా ఆ రెండు జట్లే! గుమ్మర్స్‌బాఖ్ 17-16తో గెలిచింది. ఏ సైన్యమూ వెనక లేని చిన్న పట్టణం, ఒక రాజ్యం పెంచిన జట్టును, అదే జట్టు పెంచిన మనిషితో ఓడించింది. ఆటల చరిత్రలో ఇంతకంటే ఆలోచింపజేసే ఫలితం నాకు కనిపించలేదు.

1989 స్టెయావా చరిత్రలో పెద్ద మలుపు. ఆ ఏడాది యూరోపియన్ కప్పు ఫైనల్లో సోవియట్ జట్టు ఎస్.కె.ఎ. మిన్‌స్క్ చేతిలో ఓడింది. డిసెంబర్‌లో కమ్యూనిస్టు ప్రభుత్వం కూలిపోయింది. గట్టు తెగింది. ఆటగాళ్లకు స్వేచ్ఛ వచ్చింది, మంచి జీతాలిచ్చే పశ్చిమ యూరప్ క్లబ్బుల దారి తెరుచుకుంది. ఎవరు మాత్రం వెళ్లరు? 2006లో స్టెయావా చాలెంజ్ కప్పు గెలిచి పాత రోజుల్ని కొంత గుర్తు చేసింది. 28వ జాతీయ టైటిల్ 2008లో వచ్చింది, ఆ తర్వాత మరొకటి రాలేదు. 2016 నుంచి దేశంలో పైచేయి మళ్లీ డైనమోదే. ఇక జాతీయ జట్టు 1974 తర్వాత ప్రపంచ టైటిల్ గెలవలేదు.

దీన్నిబట్టి సైన్యం పెత్తనం మంచిదనీ, స్వేచ్ఛ చెడ్డదనీ అనుకుంటే పొరపాటు. ఆటగాడికి రెండూ కావాలి: రేపటి కూటి గురించి బెంగలేని ఇవాళ, తన కాళ్లమీద తాను నడిచే హక్కు. స్టెయావా మొదటిది యిచ్చి రెండోది యివ్వలేదు. మన దగ్గర రెండోదానికి లోటు లేదు, మొదటిదే కరువు. అంతర్ కళాశాల పోటీలకు నెల ముందు జట్టును పోగుచేసి, పోటీ అవ్వగానే చెదరగొట్టే పద్ధతి నారు పోయకుండా కోతకు కొడవలి నూరడం లాంటిది. 40 మీటర్ల నేల, రెండు గోల్ పోస్టులు, ఏడాది పొడవునా వుండే ఒక శిక్షకుడు, ఆటగాడికి హాస్టల్లో కడుపునిండా తిండి. ఇవి కప్పులకన్నా చవక. వచ్చే ఏడు విద్యార్థి సంఘం ఆటల నిధి ఖర్చు రాసేటప్పుడు బహుమతుల పద్దుకంటే ముందు యీ నాలుగు పద్దులూ రాయాలని నా మనవి.

— బి.యస్సీ. విద్యార్థి